ఏడు పోగా

నంబర్స్ నాట్ క్లియర్, షాట్ టుడే ఈవినింగ్, ఫోన్ అట్ వన్స్, సుందరరాజు. తిరువూరు పోస్టాఫీసులో గోడవారగా వేసిన బల్ల మీద కూర్చుని పరబ్రహ్మం ఆ టెలిగ్రాం కాగితాన్ని మడిచాడు, విప్పాడు, మళ్లీ మడిచాడు. నాట్ క్లియరట. ఎందుకు క్లియరవుతాయి? ఎవరికీ క్లియర్ కాకూడదనే కదా పదకొండేళ్లుగా అట్లా రాస్తున్నది. మద్రాసు సినిమా స్టూడియోలో తన బల్ల సొరుగులో ఉన్న నల్ల అట్ట పుస్తకంలో ప్రతి అంకెకీ ఏడు కలిపి ఉంటుంది. కెమెరా ముందు అడ్డంపెట్టే మాస్కు నలభై దగ్గర ఉంటే పుస్తకంలో నలభై ఏడు అని రాస్తాడు. ఎవడైనా దొంగచాటుగా తెరిచి చూసి అలాగే చేశాడా, వాడి బొమ్మ బొమ్మ కాదు. ‘ఏడు తీసెయ్యండి’ అని ఒక్క ముక్క చెబితే ఈ సాయంత్రం షాటు గట్టెక్కుతుంది. కానీ ఆ ముక్కతో ఈ ఒక్క షాటేనా బయటపడేది? ఆ పుస్తకం కింద ఇంకో రెండు పుస్తకాలున్నాయి. పదకొండేళ్ల చెమట ఉంది. రేపు పొద్దున ఇంకొకడు ఆ సొరుగు ముందు కూర్చుని ఏడేడు తీసేసుకుంటూ పోతే పరబ్రహ్మంతో ఎవడికి పని?

“లైట్నింగ్ కాల్ బుక్ చేశానండీ” అన్నాడు పోస్టుమాస్టరు వెంకటప్పయ్య కళ్లజోడు పైనుంచి చూసి. “బెజవాడ వాళ్లు లైనివ్వడం తరవాయి, రేటెక్కువ కాబట్టి ముందు మీదే.”

“ఎంతసేపు పట్టొచ్చండీ?”

“పది నిమిషాల్లో రావచ్చు, గంట పట్టొచ్చు. అది మన చేతుల్లో ఉందా అండీ.”

బల్లకు ఆ చివర కూర్చున్న ముసలామె ఆ మాట వింది. ముందు మీదే అన్న మాట. ఆమె పేరు జోజమ్మట, పెనుగొలను నుంచి మొదటి బస్సుకి వచ్చిందట, గుంటూరు ఆసుపత్రికి ఆర్డినరీ కాల్ బుక్ చేసి తొమ్మిది గంటల నుంచీ అక్కడే కూర్చుని ఉందట. మొగుడు శౌరయ్యకు నిన్న కడుపులో ఆపరేషన్ చేశారు. ఇదంతా పరబ్రహ్మం అడగకుండానే వెంకటప్పయ్య చెప్పాడు. ఆమె మాత్రం ఒక్కసారి అతని ప్యాంటు వంక, చేతి గడియారం వంక చూసి తల తిప్పుకుంది. ఏదన్నా అన్నా బాగుండేది. తొమ్మిది గంటలకొచ్చినదాన్ని నేను, ఒంటిగంటకొచ్చినవాడివి నువ్వు ముందేంటి అని అడిగితే జవాబు చెప్పుకునేవాడు, సాయంత్రం అయిదింటికి షాటమ్మా, హీరో మళ్లీ దొరకడమ్మా అని. కడుపు కోయించుకున్న మనిషి ముందు హీరో ఎవరు? పరబ్రహ్మానికి చిరాకేసింది, ఆమె మీద కాదు, ఎవరి మీదో తెలియలేదు.

హీరో మీదే అనుకుందాం. అన్నా తమ్ముడూ రెండు వేషాలూ వాడివే. ఒకే అరుగు మీద, స్తంభానికి ఇటు అన్న, అటు తమ్ముడు కూర్చుని ఆస్తి పంచుకునే మాటలు మాట్లాడుకోవాలి. బుధవారంనాడు అన్న సగం తీశారు. లెన్సు ముందు కుడిపక్క నల్లరేకు మాస్కు అడ్డంపెట్టి, ఫిలిం మీద ఎడంవైపు మాత్రమే బొమ్మ పడేట్టు. ఆ వెంటనే మీసం మార్చుకుని వచ్చి తమ్ముడు సగం కూడా అయ్యగారు చెయ్యాలి. అదే ఫిలిం వెనక్కి తిప్పి, ఇప్పుడు ఎడంవైపు మాస్కు పెట్టి, స్తంభం అంచుకి వెంట్రుకవాసి తేడా రాకుండా కుడివైపు నింపాలి. అయ్యగారు గడియారం చూసుకున్నాడు, నా టైమైపోయింది బ్రదర్, సోమవారం చూద్దాం అని ఊటీకని విమానం ఎక్కాడు. సగం బొమ్మ పడ్డ ఫిలిం కెమెరాలోనే ఉండిపోయింది. కెమెరాను నేలకు బోల్టులతో బిగించి చుట్టూ తాడు కట్టించాడు పరబ్రహ్మం. తాడు కట్టేముందు, ఎప్పటిలాగే, అందరూ టీకి వెళ్లాక, మాస్కు ఊడదీసి సొరుగులో పెట్టేసి డయల్ మీద ముళ్లన్నీ సున్నాకు తిప్పేశాడు. చూసేవాడికి ఏమీ కనపడకూడదు. సోమవారం కదా అని తండ్రి ఆబ్దికానికి బయల్దేరి వచ్చాడు. ఊటీలో వాన పట్టుకుని ఉంటుంది. అయ్యగారు ఇవాళ శనివారమే దిగిపోయాడన్నమాట. ఇక ఆగరు, ఇవాళ షాటు కానిచ్చి రేపు పొద్దున్నే ఆ సెట్టు పీకేసి వేరే కంపెనీకి కోర్టు సీను కడతారు. ఇక్కడ బస్సెక్కి బెజవాడ, బెజవాడలో రైలెక్కి మద్రాసు, రెక్కలున్నా అయిదింటికి చేరేది కాదు.

రేపు తద్దినం పెట్టుకుని ఇవాళ ఫోన్లేంట్రా అన్నాడు ఇందాక టెలిగ్రాం చూసి అన్నయ్య రామమూర్తి. హైస్కూల్లో లెక్కల మేష్టారు. ఇరవై ఏళ్లుగా ఆయన తమ్ముణ్ణి అడుగుతున్నది ఒకటే ప్రశ్న, అసలు నువ్వు తీసేది ఏది అని. పోయినసారి టూరింగు టాకీసుకి వెంటబెట్టుకెళ్లి చూపించాడు, అదుగో అన్నయ్యా, ఒకే హీరో ఇద్దరుగా కనబడుతున్నాడే, అది నేను తీసిందే అని. ఏది, మామూలుగానే ఉందిగా అన్నాడు అన్నయ్య. మామూలుగా ఉండటానికే కదయ్యా రెండు రోజులు చచ్చింది. పక్క కుర్చీలో వినగడప పెద్దమనిషి ఒకాయన ఈ మాట విని, మీకు తెలీదులెండి, ఆ హీరోకి అచ్చం వాడిలాంటి తమ్ముడు నిజంగానే ఉన్నాడు, బయటికి రానివ్వరు అని గట్టిగా చెప్పాడు. వదిన కనకలక్ష్మి పాపం కాసేపు చూసి, పేర్లలో నీ పేరు పడలేదేం మరిదీ అంది. పడదు వదినా. కెమెరామన్ పేరు పడుతుంది. గీత కనపడితే మాత్రం ట్రిక్కువాడెవడ్రా అని నన్ను పిలుస్తారు. ఈ మాట అనలేదు. నవ్వి ఊరుకున్నాడు. నవ్వి ఊరుకోవడంలోనే నలభై మూడేళ్లొచ్చాయి.

వెంకటప్పయ్య ఫోను హ్యాండిలు తిప్పాడు. “హలో, బెజవాడా? తిరువూరు. మద్రాసు లైట్నింగు ఏమైందమ్మా? ఆ... ఆ... అట్టాగే.” పెట్టేశాడు. అతనివైపు చూసి తల అడ్డంగా ఊపాడు. జోజమ్మ కాళ్లు ముడుచుకుని మళ్లీ చాపింది. గోడ మీద ఫ్యాను ఉంది గానీ తిరగడం లేదు, ఎవరో స్టాంపులు అడుగుతున్నారు, బయట బస్టాండులో కండక్టరు బెజవాడ బెజవాడ అని అరుస్తున్నాడు. ఆ అరుపు వింటే ఇరవై ఏళ్ల కిందట ఇదే బస్టాండులో ట్రంకుపెట్టెతో నిలబడ్డ రోజు గుర్తొచ్చింది. నాన్న రాలేదు సాగనంపడానికి. మద్రాసులో ఏం చేస్తావురా అంటే గారడీ అన్నాడు తను, సరదాకి. ఆ మాట ఆయన చచ్చేదాకా పట్టుకుని కూర్చున్నారు. మా రెండోవాడు గారడీ చేస్తాడండీ.

గారడీ నేర్పినవాడు నాయుడుగారు. నేర్పాడా? మూడేళ్లు ఆయన సామాను మోశాడు, లెన్సులు తుడిచాడు, ఎండలో గొడుగు పట్టాడు. షాటు పెట్టే వేళకి ఆయన కెమెరా మీద నల్లగుడ్డ కప్పుకుని అందులో దూరి, పరబ్రహ్మం, వెళ్లి సోడా పట్రా అనేవాడు. దాహమై కాదు. వెళ్లాలి కాబట్టి వెళ్లేవాడు. పరుగెత్తుకుంటూ వెనక్కొచ్చి, తలుపు సందులోంచి ఆయన మోచెయ్యి ఎటు తిరిగిందో చూసి, ఎన్నిసార్లు తిరిగిందో లెక్కపెట్టుకుని, రాత్రి గదిలో కాగితం మీద రాసుకునేవాడు. అట్లా దొంగిలించిన విద్య. ఆయన పోతూ తన అంకెల పుస్తకాన్ని కూడా చితిమీద పెట్టమన్నాడట, పెట్టారు. ముప్ఫై ఏళ్ల పుస్తకం. అట్ట అంటుకోవడానికి ఆలస్యమైంది, పక్కనే నిలబడి ఉన్నాడు తను, చెయ్యి పెట్టి లాగేద్దామా అన్నంత ఇదొచ్చింది. ఏం మనిషి, ఏం గుండె అని ఆ రోజంతా తిట్టుకున్నాడు. నేనట్లా చెయ్యను, నలుగురికీ చెబుతాను అనుకున్నాడు కూడా. ఆ నెలలోనే కొత్త పుస్తకం కొని మొదటి పేజీ మొదటి అంకెకి ఏడు కలిపాడు. ఏడే ఎందుకంటే ఏమీ లేదు, ఆ వేళ ఏడో తేదీ.

అంత దాచి ఏం చేశాడని. వరద తీశాడు ఒకసారి. ఊరికి వరద రావాలి, ఇళ్లు కొట్టుకుపోవాలి అన్నాడు ఒక డైరెక్టరు. మూడు నెలలు కూర్చుని జానెడేసి ఎత్తు ఇళ్లు కట్టాడు, మట్టిగోడలు, తాటాకు కప్పులు, ఇక్కడి నుంచే కట్టించుకెళ్లిన చిన్న చిన్న గడ్డివాములు. తిరువూరు సందులన్నీ తలుచుకుని వేశాడు. తొట్టెలోంచి నీళ్లు వదిలితే ఎక్కడ ఏ గోడ ముందు పడాలో కూడా లెక్కే, నీటి చుక్క పెద్దదిగా కనపడకూడదు, కెమెరా నాలుగింతల వేగంతో తిరగాలి. ఫిలిం కడిగి వేసిన రషెస్ చూసిన లైట్‌బాయ్ ఒకడు వాళ్ల ఊరు గుర్తొచ్చి ఏడ్చాడు. సినిమా పొడవైందని ఎడిటింగులో వరద తీసేశారు. వరద వచ్చిందట పాపం అని హీరోయిన్ ఒక డైలాగు చెబుతుంది, అంతే. ఆ ఫిలిం ముక్క ఎక్కడుందో తెలియదు. మూడు నెలల ఊరు. ఇప్పుడు పిలిచేదంతా డబుల్ యాక్షన్‌కీ, దయ్యాలకీ, హాస్యనటుడు కూర్చోబోతే కుర్చీ లేచిపోవడానికీ. మిగతాదంతా ఊటీలోనూ కాశ్మీరులోనూ కలర్లో తీసేసుకుంటున్నారు.

సరే, ఏడు సంగతి చెప్పకుండా ఈ షాటు అంకెలు మాత్రం చెప్పేస్తే? పుస్తకం తెరవక్కర్లేదు సుందరరాజుగారూ, రాసుకోండి అని. అయిదే అంకెలు. ఫిలిం వెనక్కి తిప్పాల్సింది నూట పన్నెండు అడుగులు. లెన్సు ఎంత తెరవాలో తెలుసు. దూరం తెలుసు. మాస్కు కింది అంచు ముప్ఫై నాలుగు. పక్క అంచు... పక్క అంచు. అక్కడ ఆగిపోయాడు. స్తంభం వెంట దిగే అంచు అదే, అసలు ప్రాణమంతా అక్కడే ఉంది. ఏభై... అరవై... బుధవారం మధ్యాహ్నం చేత్తో తిప్పిన ముల్లు, మూడు రోజులైనా కాలేదు. మొదటినుంచి మళ్లీ మొదలుపెట్టాడు. నూట పన్నెండు, ముప్ఫై నాలుగు...

“జపం చేసుకుంటన్నావా బాబూ?” అంది జోజమ్మ. ఆమె అతనితో మాట్లాడిన మొదటి మాట అది.

“లేదమ్మా. ఏదో గుర్తు చేసుకుంటున్నా.”

“నేనూ ఇందాకట్నించి దేవుణ్ణి తలుచుకుంటన్నా” అని ఆమె మళ్లీ తల తిప్పుకుంది.

గుర్తురాదు. పోనీ చెప్పొద్దు. లైను దొరకలేదనుకుందాం. ఏం చేస్తారు? ఆ పిచ్చి అంకెలు పట్టుకుని తీసేస్తారు. సోమవారం రషెస్ వేస్తారు. నిర్మాత, డైరెక్టరు, హీరోగారు మెత్తటి కుర్చీల్లో కూర్చుంటారు. తెరమీద అన్న మాట్లాడుతుంటాడు, తమ్ముడు వంగి అందుకుంటాడు, వాడి భుజం స్తంభం దగ్గర తెగిపోతుంది, కత్తితో కోసినట్టు. లేదా మధ్యలో పైనుంచి కిందిదాకా నల్లటి పట్టీ. అప్పుడు తెలుస్తుంది పరబ్రహ్మం అంటే ఏమిటో. లైట్లు వేశాక ఎవరూ మాట్లాడరు. ఆ నిశ్శబ్దాన్ని తలుచుకుంటే ఒళ్లు జలదరించింది సంతోషంతో. కానీ ఎంతసేపు? ఆ నల్లపట్టీ కళ్లముందు నుంచి పోదే. తెగిన భుజం పోదే. ఎవడు తీస్తేనేం, ఆ స్తంభం అంచు తను ఎంచుకున్నది, మధ్యాహ్నం రెండు గంటలసేపు కెమెరాలోంచి చూసి చూసి, నీడ ఎటు పడుతోందో చూసి, అక్కడ కలిస్తే ఎవరి తాతకీ కనపడదని ఎంచుకున్నది. దాన్ని చెడనివ్వడమంటే అన్నం విస్తట్లో వడ్డించి ఉమ్మెయ్యడమే. తనకు కోపం ఎంతుందో అంతకన్నా ఎక్కువ అసహ్యం ఆ గీతంటే. ఛీ. చెప్పేస్తాడు. ఏడు తీసెయ్యండి అని చెప్పేస్తాడు. పొమ్మంటే పోతాడు. నలభై మూడేళ్లకు కొత్తగా ఏం పని చేస్తాడో తెలియదు, ఇంకోరికి సోడాలు తేగలడు. ఆ నిశ్చయానికొచ్చేసరికి మంచినీళ్లు తాగాలనిపించింది, కానీ లేస్తే లైనొస్తుందేమో.

ఫోను మోగింది.

“రండి రండి, మద్రాసు!” అన్నాడు వెంకటప్పయ్య. “మూడు నిమిషాలండీ, గట్టిగా మాట్లాడండి.”

రిసీవరులో సముద్రపు హోరు. ఆ హోరు అడుగున సన్నగా సుందరరాజు. యాభై ఏళ్ల మనిషి, కెమెరా అసిస్టెంటు, భీమవరం వైపు, ఎవరితోనూ తగువు పెట్టుకోడు.

“పరబ్రహ్మమేనా? హలో!”

“నేనే రాజుగారూ! వినండి. పుస్తకంలో అంకెలు...” పోస్టాఫీసంతా తనవైపు తిరగడం తెలుస్తోంది. “పుస్తకంలో అంకెలు అసలువి కావు! ప్రతి అంకెలోనుంచీ...”

“ఆ, అది సరేలే! టైములేదు! మూడో వరసలో టీ ఒలికింది! పక్క అంచు! అరవై ఎనిమిదా, అరవై మూడా? అలుక్కుపోయింది!”

“ఏంటీ?”

“ఎనిమిదా మూడా అని! ఏడు పోతే అరవై ఒకటి పెట్టాలా, యాభై ఆరు పెట్టాలా?”

పరబ్రహ్మానికి ఆ మాటలు చెవిలోకి పోయాయి గానీ లోపలికి పోవడానికి కొంచెం సమయం పట్టింది. ఏడు పోతే. ఆయనే అన్నాడు. ఎంత మామూలుగా అన్నాడు.

“మీకెట్లా తెలుసు?”

“ఏది?”

“ఏడు!”

“నువ్వు లెక్కేసుకునేటప్పుడు పైకే గొణుక్కుంటావు గదయ్యా! సెట్టులో అందరికీ తెలుసు, టీ నాయరుతో సహా! అదిప్పుడెందుకు? ఎనిమిదా, మూడా?”

స్తంభం కనపడింది. నీడ కనపడింది. గంటసేపు పీక్కున్నా రానిది, రెంటిలో ఒకటి అనగానే చేతివేళ్లకు తెలిసిపోయింది. “ఎనిమిది” అన్నాడు. హోరులో కలిసిపోయింది. మళ్లీ అరిచాడు. “ఎనిమిది! అరవై ఒకటి పెట్టండి!”

“అరవై ఒకటి. సరే. నూట పన్నెండు అడుగులు, ముప్ఫై నాలుగు, అవి బాగానే ఉన్నాయి.”

“ఎప్పట్నుంచీ తెలుసు రాజుగారూ?”

“ఏమో, ఐదారేళ్లు. నువ్వు టైఫాయిడ్‌తో పడుకున్నావు చూడు, అప్పుడు రెండు షాట్లు మేమే తీశాం. ఫిలిం నీకు చూపించలేదులే.”

“మరి చెప్పలేదేం?”

హోరు. ఆ హోరులో ఆయన సమాధానం వెతుక్కుంటున్నాడో, వినపడలేదో తెలియలేదు. తర్వాత వినపడింది. “చెబితే నువ్వు బాధపడతావని ఊరుకున్నాం. ఆబ్దికం బాగా చేసుకో. తొందరేం లేదు, నిదానంగా రా.”

త్రీ మినిట్స్ అంది మధ్యలో ఆడగొంతు, లైను తెగింది.

రిసీవరు పెట్టేసి పరబ్రహ్మం కౌంటరు దగ్గరే నిలబడ్డాడు. దొంగిలించినా బాగుండేది. తిట్టుకుని ఉన్నా, నవ్వుకుని ఉన్నా బాగుండేది. నవ్వుకునే ఉంటారు మొదట్లో, తర్వాత నవ్వూ పాతబడి ఉంటుంది. తను టీ టైములో అందర్నీ బయటికి పంపి ముళ్లు సున్నాకు తిప్పుతుంటే, బయట నిలబడి వాళ్లు ఆగేవాళ్లన్నమాట, కానివ్వండర్రా, ఆయన పని కానివ్వండి అని. జ్వరంలో పడుకున్న నెలరోజులూ నేను లేకపోతే ఏం చేస్తున్నారో అని కుమిలిపోయాడు. రెండు షాట్లు తీశారు. ఎలా వచ్చాయి? గీత కనపడిందా? అది కూడా అడగలేకపోయాడు, టైమైపోయింది. ఆరేళ్లుగా వాళ్లు తన ముందు ఏమీ తెలియనట్టు నటిస్తున్నారు, డబ్బులిచ్చి పెట్టుకున్న నటులకన్నా బాగా, అతుకు కనపడకుండా.

“పని అయిందాండీ?” అన్నాడు వెంకటప్పయ్య రసీదు రాస్తూ.

“అయింది.”

వెళ్లిపోవాలి. ఇంట్లో వదిన మడి ఆరేసుకుంటూ ఉంటుంది, అన్నయ్య భోక్తలకి కబురు చెప్పమన్నాడు. గుమ్మం దాకా వెళ్లాడు. ఫోను మళ్లీ మోగింది. “జోజమ్మా, గుంటూరు! రామ్మా, త్వరగా!” ముసలామె లేచింది, కాళ్లు తిమ్మిరెక్కినట్టున్నాయి, తూలుతూ వచ్చి రిసీవరు తిరగేసి పట్టుకుంది. వెంకటప్పయ్య సరిచేసి ఇచ్చాడు. “అయ్యా... అయ్యా...” అంటోంది అందులోకి, పెద్దగా మాట్లాడాలని తెలియక. ఏమీ వినపడటంలేదని అటూ ఇటూ చూసింది. వెంకటప్పయ్య ముందు స్టాంపుల వాళ్లు నలుగురున్నారు.

పరబ్రహ్మం వెనక్కొచ్చి “ఇటివ్వమ్మా” అని అందుకున్నాడు. “హలో! పెనుగొలను శౌరయ్య అని, నిన్న కడుపు ఆపరేషను! ఎట్లా ఉందండీ?” ఆగమంది ఒక నర్సు. చెప్పుల చప్పుడు దూరంగా పోయింది, చాలాసేపటికి తిరిగొచ్చింది. జోజమ్మ అతని మోచెయ్యి పట్టుకుని ముఖంలోకే చూస్తోంది, పెదవులు కదిలితే చదువుకుందామన్నట్టు. నర్సు చెప్పింది విని, “అట్లాగేనండీ, చెప్తాను” అని పెట్టేశాడు.

“బాగానే ఉన్నాడంటమ్మా. రాత్రి జ్వరమొచ్చి తగ్గిందంట. కట్టు మారుస్తుంటే గోల చేశాడంట.”

ఆమె మోచెయ్యి వదల్లేదు.

“నిజంగా అట్టాగే అన్నదా బాబూ? నేను బాధపడతానని నువ్వు కలిపి చెప్తన్నావా?”

పరబ్రహ్మం ఆమె వైపు తిరిగాడు. నీళ్లు నిండిన ఆ కళ్లల్లో ఎక్కడా నమ్మకం లేదు. ఆమెను బల్ల దగ్గరికి నడిపించి కూర్చోబెట్టి, తనూ పక్కన కూర్చున్నాడు.

“నేనేమీ కలపలేదమ్మా. ఏమీ తియ్యలేదు. నర్సు ఏమందో మొదట్నుంచీ చెప్తాను విను” అన్నాడు. నర్సు ఆగమన్న దగ్గర్నుంచి, చెప్పుల చప్పుడు దగ్గర్నుంచి మొదలుపెట్టాడు.